పడుగు మీద చెయ్యి

ఆ సందులో తలుపు కొట్టే అలవాటు ఎవరికీ లేదు. కొట్టినా వినేవాడు లేడు. జోడ్‌భావి పేట్‌లో తెల్లవారిందంటే ఇంటింటా మగ్గం మొదలవుతుంది. ఆ చప్పుడులో పక్కనే కూర్చున్న పెళ్లాం మాట మొగుడికి వినపడదు. వినపడకపోవడం వల్లనే కొన్ని కాపురాలు నిలబడ్డాయని సందులో ముసలమ్మలు నవ్వుకుంటారు. అందుకే అక్కడొక పద్ధతి ఉంది. చెప్పవలసిన మాట ఉన్నవాడు నేరుగా ఇంట్లోకి వచ్చి, మగ్గానికి బిగించిన పడుగు దారాల మీద అరచెయ్యి ఆనిస్తాడు. నేసేవాడు ఆపాలి. అప్పులవాడైనా, పోలీసైనా, పగవాడైనా సరే, పడుగు మీద చెయ్యి పడితే మగ్గం ఆపి మాట వినాలి. విన్నాక తిట్టుకోవచ్చు, జుట్లు పట్టుకోవచ్చు, అది వేరే సంగతి. చెయ్యి ఉండగానే నేస్తూ పోవడమంటే మాత్రం ఎదుటి మనిషి ముఖాన ఉమ్మినట్టే.

గోదావరి మొగుడు సిద్ధరాములు అలా నేస్తూ పోయాడు. అతన్నే అనుకుని లాభం లేదు, అతను ఆపబోయాడు. ఆపవద్దన్నది గోదావరి.

సంగతి మొదటి నుంచీ చెప్పుకోవాలి. ఆ రోజుల్లో పేటలకు నీళ్లు పంచే బోర్డు ఒకటి ఉండేది. దేశానికి స్వతంత్రం వచ్చి ఏడెనిమిదేళ్లయినా ఆ సందు కొళాయికి ఇంకా రాలేదు, అది దానికి బుద్ధి పుట్టినప్పుడే పారేది. ఆ బోర్డు వాళ్లు కొళాయి ఇన్‌స్పెక్టరు కొలువు ఒకటి ఖాళీ ఉందన్నారు. తెలుగు నేతగాళ్ల పేటలున్న మరాఠీ ఊరు కనుక తెలుగు, మరాఠీ రెండూ రాయడం చదవడం రావాలి, పరీక్ష పెడతాం, మొదట వచ్చినవాడికే కొలువు అన్నారు. ఖాకీ కోటు, నెల తిరిగేసరికి జీతం, ముసలితనంలో పింఛను. మగ్గం గుంటలో నడుము దాకా దిగి, తేమలో కాళ్లు చచ్చుబడేలా కూర్చునే జాతికి అది మామూలు కొలువు కాదు.

గోదావరి ఆ కోటును కలగన్నది. పెళ్లయిన నాటి నుంచి ఆమె చాటలో తునికాకు, తంబాకు పెట్టుకుని బీడీలు చుడుతూనే ఉంది. తన తండ్రి మగ్గం గుంటలో కూర్చుని దగ్గి దగ్గి పోయాడు. మామ కూడా అలాగే పోయాడు. మొగుడు పొద్దున లేచి మోకాళ్లు రుద్దుకుంటున్నప్పుడల్లా ఆమెకు ఆ ఇద్దరూ కనపడేవారు. ఈ మనిషిని గుంటలోంచి పైకి లాగాలి, అంతే. అంతకు మించి ఆమె దేవుణ్ణి ఏమీ అడగలేదు.

సిద్ధరాములుకు చదువు చెప్పినవాడు పెంటప్ప. గోడ పక్క ఇంటివాడు, వరసకు బావమరిది, తల్లి మల్లమ్మ తప్ప ఎవరూ లేనివాడు. సన్నగా, పొడుగ్గా, ఎప్పుడూ ఏదో ఒకటి వాదిస్తూ ఉండేవాడు. ఇద్దరూ ఒకే పుస్తకం ముందు పెట్టుకుని పరీక్షకు చదివారు. లెక్కల్లో సిద్ధరాములు బుర్ర మొరాయిస్తే పెంటప్ప గోదావరి చాటలోని బీడీలు పేర్చి భిన్నాలు నేర్పాడు. ఇద్దరం రాస్తం, ఎవరికొచ్చినా సందుకు నీళ్లొస్తయి కదా అక్కా, అని నవ్వేవాడు.

పరీక్షలో పెంటప్ప మొదట వచ్చాడు. సిద్ధరాములు రెండో వాడు. కానీ ఆ ముందు ఎండాకాలం సందులో ఆడవాళ్లందరినీ ఖాళీ బిందెలతో బోర్డు వాకిట్లో కూర్చోబెట్టినవాడు కూడా ఈ పెంటప్పే. ఆ బిందెల చప్పుడు బోర్డు పెద్ద సాహెబు చెవిలో ఇంకా మోగుతూనే ఉంది. పెంటప్పకు ఛాతీ బలం చాలదని ఆయన ఒక కాగితం పుట్టించాడు. ఏ డాక్టరూ పెంటప్ప ఛాతీ మీద గొట్టం పెట్టి చూసింది లేదు. నోరు లేని సిద్ధరాములుకు మాత్రం కబురు వచ్చింది, ఫలానా రోజు మధ్యాహ్నం వచ్చి చేరమని. పెంటప్ప ఊరుకునే రకం కాదు, కోర్టుకు పోయాడు.

చేరవలసిన రోజు పొద్దున సిద్ధరాములు మగ్గం మీద చివరి చద్దర్ దుప్పటి నేస్తున్నాడు. మగ్గం దిగిపోయేవాడు పడుగు మిగల్చకూడదని వాళ్ల నమ్మకం. ఇంకా మూరెడు ఉంది. గోదావరి పడుగు పక్కనే పీట వేసుకుని బీడీలు చుడుతూ, కళ్లతోనే ఆ మూరెడునూ కొలుస్తూ కూర్చుంది. అప్పుడు పెంటప్ప వచ్చాడు. కోర్టు నుంచి పరుగెత్తుకుంటూ వచ్చాడేమో, రొప్పుతున్నాడు. వచ్చి పడుగు మీద చెయ్యి పెట్టాడు.

సిద్ధరాములు చెయ్యి నెమ్మదించింది. అడ్డదారం మోసుకుపోయే నాడె సగంలో ఆగబోయింది. గోదావరి మొగుడి కళ్లలోకి చూసి ఒకే మాట అన్నది.

"ఆపకు."

నాడె మళ్లీ పరుగెత్తింది. నేతను బిగించే పన్నె దెబ్బ మీద దెబ్బ పడింది. పెంటప్ప చెయ్యి తీయలేదు. ఆ చప్పుడులోనే, వంగి, గొంతు చించుకుని చెప్పాడు. మొగుడికి వినపడిందో లేదో గానీ, పక్కనే ఉన్న గోదావరికి ప్రతి మాటా వినపడింది.

"బావా, కోర్టు మనాయి హుకుం ఇచ్చింది. కేసు తేలేదాక ఆ కొలువుల ఎవ్వల్ని చేర్చుకోవద్దని. ఇయ్యాల నువ్వు పోయి కుర్చీల కూసుంటే కోర్టును కాదన్నట్టయితది, నీ మెడకే పడ్తది. కొలువు కోసం నీతోని కొట్లాడుత గానీ, నువ్వు జైలుకు పోవుడు నాకొద్దు. పోకు."

మగ్గం ఆగలేదు. పెంటప్ప కొంతసేపు నిలబడి చూశాడు. ముందు సిద్ధరాములు వంక, తరువాత గోదావరి వంక. కోపగించుకోలేదు. చెయ్యి తీసి, తలవంచుకుని గడప దాటి వెళ్లిపోయాడు. కోపగించుకుని ఉంటే తరువాత గోదావరికి ఎంతో తేలికగా ఉండేది.

మధ్యాహ్నానికి సిద్ధరాములు కోటు వేసుకున్నాడు. కోర్టు మనిషి హుకుం పట్టుకుని బోర్డు వరండాలో కూర్చుని ఉండగానే, లోపల పెద్ద సాహెబు సిద్ధరాములు చేత సంతకం పెట్టించి, ఆ తరువాతనే బయటికి వచ్చి కాగితం అందుకున్నాడు. నాకు ముందు తెలియదు కదా అన్నాడు. అలాంటివాళ్లు ఎప్పుడు తెలుసుకోవాలో బాగా తెలిసినవాళ్లు.

పెంటప్ప మళ్లీ కోర్టుకు వెళ్లాడు. ఈసారి కొలువు కోసం కాదు. కోర్టు హుకుంను కాలరాశారని, ఇది కోర్టు ధిక్కారమని, పెద్ద సాహెబు మీదా, చెప్పినా వినని సిద్ధరాములు మీదా అర్జీ వేశాడు. అందులో ప్రమాణం చేసి రాయించాడు: నేను స్వయంగా వెళ్లి పడుగు మీద చెయ్యి వేసి చెప్పాను, అప్పుడు అతని భార్య అక్కడే ఉంది. సిద్ధరాములు తన జవాబులో, ఆ రోజు పెంటప్ప మా ఇంటికి రానే లేదు అని రాయించాడు. పెద్ద సాహెబు వకీలు గంగాధర్‌రావు చెప్పినట్టే రాయించాడు. ఇద్దరి ఇళ్లకూ మధ్య గోడ ఒకటే. ఆ రోజు నుంచి ఆ గోడకు రెండు పక్కలా మాటలు తగ్గాయి.

కేసు విచారణకు రాకముందే, చలికాలంలో పెంటప్ప చచ్చిపోయాడు. ఛాతీ జబ్బే. బోర్డు పుట్టించిన దొంగ కాగితమే నిజమై కూర్చుంది. చూశారా, మేం అప్పుడే చెప్పాం అని పెద్ద సాహెబు అన్నాడట. ఆ మాట విన్నప్పుడు గోదావరికి ఒళ్లు మండిపోయింది. మండడానికి తనకేం హక్కుందని వెంటనే అనిపించింది.

ఆ సందులో మనిషి పోతే పైన కప్పే బట్ట బజారు నుంచి తేరు. పక్కింటి మగ్గం ఇవ్వాలి. పక్కింటివాడు పగవాడైనా ఇవ్వాలి. తరువాత శ్మశానానికి తీసుకుపోయే ముందు ఆ బట్ట తలవైపు నుంచి ఒక పేలిక చింపి, ఇచ్చిన ఇంటి మగ్గం గుంజకు కడతారు. ఆ మగ్గం మీద మళ్లీ ఒక బట్ట నేసి కోసిన రోజున ఆ పేలిక విప్పి నీళ్లలో కలుపుతారు. అప్పటిదాకా పోయినవాడు ఆ ఇంటి చుట్టమే.

మల్లమ్మ ఇంట్లో ఏడుపు లేచినప్పుడు సిద్ధరాములు కొలువులో ఉన్నాడు. సందంతా వాకిట్లో నిలబడి గోదావరి గడప వంక చూసింది. ఇంట్లో మగ్గం మూలపడి నెలలయింది. బట్ట ఎక్కడిది? గోదావరి ట్రంకు పెట్టె తెరిచింది. అడుగున ఒక్క చద్దర్ ఉంది. నేతలో లోపం ఉందని వ్యాపారి తిప్పి పంపిన చద్దర్. ఏ లోపమో, ఎప్పుడు నేసిందో ఆ కంగారులో ఆమెకు తట్టలేదు. పట్టుకుని పరుగెత్తి, మల్లమ్మ చేతిలో పెట్టి, కూలబడి ఏడ్చింది. దొంగ ఏడుపు కాదు. భిన్నాలు నేర్పిన ఆ పిచ్చోడి కోసమే ఏడ్చింది.

ఆ సాయంత్రం ఆడవాళ్లు స్నానాలు చేసి వెళ్లిపోయాక మల్లమ్మ పేలిక పట్టుకుని గోదావరి ఇంటికి వచ్చింది. చెట్టంత కొడుకును పంపించి వచ్చిన మనిషి కంట్లో చుక్క నీరు లేదు. గుంజకు కట్టబోయి ఆగి, పేలికను వెలుతురుకు పట్టుకుని వేళ్లతో తడిమింది. పుట్టిన నాటి నుంచి బట్టలు తడిమిన వేళ్లు అవి. పేలిక మధ్యలో ఒకచోట నేత దారి తప్పింది. ఏదో బరువు ఆనినట్టు పడుగు బిగుసుకుని, అడ్డంగా పోయే పేక దారాలు కిందికి వంగి, మళ్లీ సర్దుకున్నాయి. నాలుగు వేళ్ల వెడల్పు ఉంటుంది.

గోదావరికి అప్పుడు గుర్తుకొచ్చింది అది ఏ చద్దరో. నేసేవాళ్ల ఇళ్లలో ఆ వంపు ఎలా పడుతుందో పసిపిల్లకైనా తెలుసు. ఎవరో పడుగు మీద చెయ్యి పెట్టారు, నేసేవాడు ఆపలేదు.

మల్లమ్మ చాలాసేపు ఆ వంపు మీదే బొటనవేలు ఉంచింది. తిట్టలేదు, శపించలేదు. గుంజకు పేలిక కట్టి, ముడి బిగించి, గోదావరి వంక తిరిగింది.

"నా కొడుకు చెయ్యి మీ ఇంట్లనే ఉన్నది, బిడ్డా. భద్రం."

అంత మాత్రమే అని వెళ్లిపోయింది.

సిద్ధరాములు ఇంటికి వచ్చి పేలిక చూశాడు, సంగతి విన్నాడు. కోటు విప్పుతున్నవాడు ఒక చేయి విప్పి అలాగే ఉండిపోయాడు. ముసలామె కోర్టులో చెప్తుందా అని అడిగాడు.

"చెప్పదు," అన్నది గోదావరి.

"మరి భయమేంది నీకు?"

"చెప్పదనే."

ఆ పేలికను విప్పేయవచ్చు కదా అని చదివేవాళ్లకు అనిపిస్తుంది. ఎలా విప్పుతారు? ఆ మగ్గం మీద మళ్లీ బట్ట నేస్తేనే విప్పాలి. మగ్గం ఎక్కకుండా ఉండడానికే కదా ఇంత చేసింది. కొలువు ఉన్నన్నాళ్లూ మగ్గం ఎక్కడు, మగ్గం ఎక్కనన్నాళ్లూ పేలిక దిగదు. గోదావరి కోరుకున్నది దొరికింది, దానికి ముడివేసి ఇది కూడా ఇచ్చారు.

ఆ తరువాత ఆ ఇంట్లో పగలు గడవడం కష్టమైంది. పట్టపగలు, ఎండ వాకిట్లో పడి ఉండగా, గోదావరి బీడీలు చుడుతూ కూర్చునేది. సందులో ఇన్ని మగ్గాలు కదా, ఎంత సేపూ ఆగని చప్పుడు కదా, ఎప్పుడో ఒకసారి అన్నీ కలిసి ఒక్క క్షణం ఆగుతాయి. ఒకడు నూలు కండె మార్చుకుంటాడు, ఒకడు తెగిన పోగు ముడేస్తాడు, ఒకడు నీళ్లు తాగుతాడు, అలా కుదురుతుంది. చిన్నప్పటి నుంచీ ఆమె ఎరిగిన సంగతే. ఇప్పుడు ఆ నిశ్శబ్దం పడినప్పుడల్లా ఎవరో "ఆపకు" అనేవారు. దయ్యం గొంతైతే తాయెత్తు కట్టించుకునేది. అది తన గొంతే. ఇంత స్పష్టంగా, పొయ్యి దగ్గర నిలబడి పిలిచినట్టు. ఆమె ఉలిక్కిపడేది, చాటలో తంబాకు ఒలికిపోయేది. మగ్గాలు మళ్లీ మొదలయ్యేవి.

గాలి లేనప్పుడు కూడా పేలిక కదిలేదని ఆమె ఒకరోజు సిద్ధరాములుతో అన్నది. అతను తిట్టలేదు. నాకూ కదిలినట్టే అనిపిస్తుందని, అన్నం కలుపుతూ, తల ఎత్తకుండా చెప్పాడు. అప్పటి నుంచి అతను మగ్గానికి వీపు పెట్టి తినడం మొదలుపెట్టాడు. వీపు పెట్టాక ఇంకా కష్టంగా ఉందని మళ్లీ ఎదురుగా తిరిగాడు. ఖాకీ కోటులో మనిషి ఎండిపోయాడు. సందుకు నీళ్లు మాత్రం సరిగానే వదిలేవాడు, మల్లమ్మ బిందె నిండేదాకా కొళాయి కట్టేవాడు కాదు. ఆ ముసలామె బిందె ఎత్తుకుని వెళ్లిపోయేది.

పెంటప్ప పోయాడు కదా, కేసు కూడా పోతుందని సందులో అనుకున్నారు. గంగాధర్‌రావు వకీలు ఇంటికి పిలిపించి అలా కాదన్నాడు. ధిక్కారం పెంటప్పకు జరిగింది కాదు, కోర్టుకు జరిగింది. మనిషి చచ్చినా అది చావదు. అయితే చెప్పేవాడు లేడు కనుక గట్టెక్కడం తేలికే. సిద్ధరాములు భార్య వచ్చి, పెంటప్ప ఆ రోజు రాలేదు అని ఒక్క మాట అంటే చాలు. చచ్చినవాడి కాగితాన్ని ఎదురు ప్రశ్నలు వేసి తిప్పలేం గదా, బతికినవాళ్ల మాటకే బరువు. ఆయన ఇదంతా మరాఠీలో, పాన్ నములుతూ, పెళ్లి ముహూర్తం చెప్పినంత తీరుబడిగా చెప్పాడు. ఆమె నిజమే చెబితే ఏమవుతుందని సిద్ధరాములు గొణిగాడు. కొలువు పోతుంది, అబద్ధపు ప్రమాణం కూడా ఉంది కనుక జైలు తప్పదు, అన్నాడు వకీలు. పెద్ద సాహెబు సంగతి నేను చూసుకుంటాను అని కూడా అన్నాడు. ఆ సంగతి అడిగినవాడు లేడు.

తిరిగి వస్తూ దారిలో సిద్ధరాములు ఒక్కసారే మాట్లాడాడు. నీ ఇష్టం అన్నాడు. మొగుడు కొట్టి, ఇలాగే చెప్పు అని ఉంటే గోదావరి అలాగే చెప్పి, పాపం అతని నెత్తిన వేసి ఊరుకునేది. ఇష్టం తన చేతిలో పెట్టాడు. ఆ రోజు కూడా అంతే, నాడె ఆపబోతూ తన వంకే చూశాడు.

విచారణ రోజు ఆమె పెళ్లినాటి చీర కట్టుకుని వెళ్లింది. కోర్టు హాలు ఎత్తుగా, చల్లగా ఉంది. అన్నిటికన్నా ఆమెను భయపెట్టింది అక్కడి నిశ్శబ్దం. పుట్టి బుద్ధెరిగాక మగ్గం చప్పుడు లేని చోట ఆమె ఇంతసేపు నిలబడలేదు. మల్లమ్మ వెనక బల్ల చివర కూర్చుని ఉంది. చేతుల్లో ఏమీ లేదు. పేలిక సంగతి ఆమె ఏ వకీలుకూ చెప్పలేదని గోదావరికి అప్పుడు నిశ్చయమైంది. చెప్పినా ఏ వకీలుకు అర్థమవుతుంది గనుక.

పెద్ద సాహెబు ముందుగానే లేచి చేతులు కట్టుకున్నాడు. హుకుం సమయానికి అందలేదని, అయినా కోర్టు వారికి మనస్తాపం కలిగి ఉంటే బేషరతుగా క్షమాపణ చెప్పుకుంటున్నానని ఇంగ్లీషులో చదివాడు. క్షమాపణ కూడా ఆయన మనిషి చేత రాయించుకొచ్చిందే. జడ్జి గారు నాలుగు చీవాట్లు పెట్టి దాన్ని అందుకున్నారు. ఇక మిగిలింది సిద్ధరాములు. ఖాకీ కోటు వేసుకుని బోనులో నిలబడ్డాడు. కోటు ఇప్పుడతనికి వదులైంది.

గోదావరి చేత ప్రమాణం చేయించారు. గంగాధర్‌రావు మరాఠీలో, ఎంతో మెత్తగా అడిగాడు. బాయీ, ఆ రోజు పొద్దున పెంటప్ప మీ ఇంటికి వచ్చాడా?

ఆమె నోరు తెరిచింది. రాలేదు అన్న మాట నాలుక మీదే ఉంది, వారం రోజులుగా దాన్ని అక్కడే పెట్టుకుని ఉంది. హాలులో ఎవరూ కదలడం లేదు. సందులో అన్ని మగ్గాలూ కలిసి ఆగినప్పటి నిశ్శబ్దమే అది, అయితే ఒక్క క్షణంలో పోయేది కాదు, ఆమె మాట్లాడేదాకా పోనిది. అందులో తన గొంతు మళ్లీ వినపడింది. ఆపకు. ఆమె బోను కర్ర పట్టుకుంది. మొగుడి వంక చూసింది. సిద్ధరాములు ఆ రోజు మగ్గం మీంచి చూసినట్టే చూస్తున్నాడు.

"వచ్చిండు," అన్నది.

గంగాధర్‌రావు చేతిలో కాగితం దించాడు. జడ్జి గారు కళ్లజోడు సరిచేసుకుని, సరిగ్గా చెప్పమన్నారు. గోదావరికి మరాఠీ బాగానే వచ్చు, బజారులో గీసి గీసి బేరమాడే మరాఠీ. కానీ అప్పుడు తెలుగే వచ్చింది, గుమాస్తా వెనకే మరాఠీలో చెబుతూ పోయాడు.

"వచ్చిండు సాబ్. పడుగు మీద చెయ్యి పెట్టిండు. కోర్టు వద్దన్నది, పోకు, జైల్ల పడ్తవు అన్నడు. మా ఆయన ఆపబోయిండు. నేనే ఆపకు అన్న. మా ఆయనకు వినవడ్డదో లేదో నాకు ఎర్కలేదు. నాకు మాత్రం పక్కా వినవడ్డది. శిచ్చ ఏస్తే నాకెయ్యుండ్రి."

శిక్షలు అలా అడిగినవాళ్లకు వేయరు. ఆమె పేర హుకుం లేదు, ఆమె కొలువులో చేరలేదు, కోర్టు దృష్టిలో ఆమె ఏమీ కాదు. సిద్ధరాములును అడిగితే అతను అబద్ధం ఆడలేదు. వినపడింది సాబ్, అన్నాడు. భార్య తన కోసం వదిలి పెట్టిన ఆ ఒక్క సందును కూడా తనే మూసేశాడు. నెల రోజుల జైలు వేశారు. కొలువు రద్దయింది. బోర్డు వాళ్లు మళ్లీ పరీక్ష పెట్టారో లేదో ఎవరికీ తెలియదు గానీ, కొన్నాళ్లకు వేరే ఊరి నుంచి ఎవరో వచ్చి ఆ కోటు వేసుకున్నాడు. సందు కొళాయి మళ్లీ దాని బుద్ధికి అది పారసాగింది. పెంటప్ప గెలిచాడని కొందరు అన్నారు. ఏం గెలిచాడో చెప్పమంటే వాళ్లూ చెప్పలేకపోయారు.

కోర్టు మెట్లు దిగి గోదావరి ఒంటరిగా నడిచింది. మల్లమ్మ ముందుగా వెళ్లిపోయింది అనుకుంది. సందు మలుపులో ముసలామె గోడకు ఆనుకుని నిలబడి ఉంది. గోదావరి దగ్గరికి వచ్చేదాకా ఆగి, పక్కన కలిసి నడిచింది. తన గడప ఎక్కబోతూ, రేపటికి జైలుకు సద్ది నేను కడతాను, నీవు బీడీలు కారఖానాలో ఇచ్చి రా, అన్నది మల్లమ్మ. గోదావరి తల ఊపింది. ఇంట్లోకి పోయి, పేలిక కట్టిన గుంజ పట్టుకుని, అప్పుడు ఏడ్చింది.

నెల తిరిగాక సిద్ధరాములు వచ్చాడు. నన్నెందుకు ఇలా చేశావని అడగలేదు, మంచి పని చేశావని అనలేదు. స్నానం చేసి మగ్గం దుమ్ము దులిపాడు. వ్యాపారి దగ్గర నూలు తెచ్చి పడుగు వేశాడు. గోదావరి కండెలు చుట్టి ఇచ్చింది. గుంటలోకి దిగేటప్పుడు అతని మోకాళ్లు కటకటలాడడం ఆమె విన్నది. తను ఏ గుంటలోంచి లాగాలనుకుందో ఆ గుంటలోకే మనిషి మళ్లీ దిగాడు. ఆ నొప్పి ఆమెకు తగ్గలేదు. నిజం చెబితే గుండె తేలికవుతుందని చెప్పేవాళ్లు ఎవరో గానీ, మోకాళ్లు అరగని ఇళ్లవాళ్లు అయి ఉండాలి.

అయితే ఒకటి మాత్రం జరిగింది. మగ్గాలన్నీ కలిసి ఆగినప్పుడు ఆమెకు తన గొంతు వినపడడం మానేసింది. పేలిక కదలడం లేదు. ఈ చద్దర్ పూర్తయి కోసిన రోజున దాన్ని విప్పాలి. మల్లమ్మను పిలిచి, ఇద్దరూ వెళ్లి నీళ్లలో కలపాలి అనుకుంది.

చద్దర్ చివరికి వచ్చింది. మధ్యాహ్నపు ఎండ, వాకిట్లో బీడీ ఆకు ఆరబోసి ఉంది. ఇంకా మూరెడు నేస్తే అయిపోతుంది. గోదావరి పడుగు పక్కన అదే పీట మీద కూర్చుని, ఆ మూరెడునూ చూస్తూ బీడీలు చుడుతోంది. పన్నె దెబ్బ చెవికి అలవాటుగా పడుతూ ఉంది. పడుతూ ఉన్నది ఆగింది.

ఆమె తల ఎత్తింది. సిద్ధరాములు చేతిలో నాడె పట్టుకుని కదలకుండా కూర్చున్నాడు. పోగు తెగలేదు, కండె అయిపోలేదు. అతను పడుగు మీద ఒకచోటికి చూస్తున్నాడు. ఆమె కూడా అటే చూసింది. బిగువుగా ఉన్న దారాల మీద, ఆమె మోకాలికి జానెడు దూరంలో, నాలుగు వేళ్ల మేర పడుగు కిందికి వంగి ఉంది. దాని మీద ఏమీ లేదు. ఎండ ఒక్కటే ఉంది.

సిద్ధరాములు ఆమె వంక చూడలేదు. ఆపనా వద్దా అని ఈసారి అడగలేదు. నాడెను మెల్లగా ఒళ్లో పెట్టుకున్నాడు.

"చెప్పు పెంటప్పా," అన్నాడు. "ఆపిన."

గోదావరి చాట పక్కన పెట్టి, కొంగు సర్దుకుని లేచి నిలబడింది. గోడకు అవతల మల్లమ్మ బిందె కడుగుతున్న చప్పుడు వినపడుతోంది. సందులో మిగతా మగ్గాలు వాటి మానాన అవి ఆడుతున్నాయి. పడుగు వంగినది వంగినట్టే ఉంది. పెంటప్ప ఏమీ అనలేదు. అనవలసింది అతను ఎప్పుడో, రొప్పుతూ వచ్చి, ఇక్కడే నిలబడి చెప్పి వెళ్లాడు. అయినా ఇద్దరూ విన్నారు.